సంతలో ఏడవని తల్లి

నా చిన్నప్పుడు మా పల్లెలో ఎవరు చనిపోయినా ఏడుపు బయటికి వినపడకూడదు. పర్చూరుకు కాస్త దూరంలో, మిరప చేలకూ పత్తి చేలకూ మధ్య ఉండే ఊరు మాది. ఊళ్లో పై వీధుల్లో చావు జరిగితే ఆడవాళ్లు శవం చుట్టూ కూర్చుని, పోయిన మనిషి గుణాలు ఒక్కొక్కటే తలుచుకుంటూ, రాగం తీసి శోకాలు పెట్టేవారు. చర్చి చుట్టూ ఉండే మా పల్లెలో మాత్రం హార్మోనియం తెచ్చుకుని పాటలు పాడేవాళ్లం. నిరీక్షణ లేనివాళ్లు అలా ఏడుస్తారు, తిరిగి లేస్తామని నమ్మినవాళ్లకు ఏడుపెందుకని మా తాతయ్య అనేవారు. ఆయన మా అమ్మకు నాన్న. బడిపంతులుగా చేసి రిటైరైన మనిషి, సంఘానికి పెద్ద. పల్లెలో ఆయన మాట దాటేవాళ్లు లేరు.

నాకు పదకొండో ఏట, పత్తి తీతల్లో ఉండగా మా అమ్మను పాము కరిచింది. పర్చూరు దాకా ఆటోలో, అక్కడి నుంచి గుంటూరుకు జీపులో తీసుకెళ్తుంటే దారిలోనే పోయింది. సమాధుల తోటలో తాతయ్య తానే వాక్యం చదివారు. ఆయన గొంతు వణకలేదు. చదవడం అయ్యాక నా వైపు చూసి తల ఊపారు. ఆదివారపు బడిలో పాటలు ఎత్తేది నేనే కాబట్టి ఆ రోజూ నేనే ఎత్తాను. మట్టి పోస్తున్నంతసేపూ, చరణాలన్నీ, ఒక్క మాట తప్పు పోకుండా పాడాను. గుంటూరు మిరప యార్డులో మూటలు మోసే మా నాన్న కండువా నోట్లో కుక్కుకుని ప్రహరీ గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. నేను మాత్రం ఒక్క చుక్క రాల్చలేదు. ఇంటికి వచ్చాక అందరూ నా తల నిమిరారు. "ఎంత విశ్వాసమండీ ఈ పిల్లది" అన్నారు. తర్వాతి ఆదివారం పాస్టరుగారు ప్రసంగంలో నా సంగతి చెప్పారు. నాకు గర్వంగా అనిపించింది. అది నిజం, దాచుకోవడం ఎందుకు.

నాన్న నన్ను అమ్మమ్మ దగ్గర వదిలి యార్డు పనికి వెళ్లిపోయాడు. ఆ తర్వాత నాకు ముద్ద దిగడం మానేసింది. ఆకలి వేసేది. తినాలనే ఉండేది. అన్నం నోట్లో పెట్టుకుంటే గొంతు దగ్గర ఆగిపోయేది. మంచినీళ్లు తాగి లోపలికి తోసుకునేదాన్ని, కాసేపటికి అదీ తిరిగి వచ్చేది. క్రిస్మస్ నాటికి గౌను భుజాల మీంచి జారిపోతూ ఉండేది. ఊళ్లో ఆర్‌ఎంపీ డాక్టరు బలానికి సూదులు వేశాడు. పర్చూరులో చూపించారు, చీరాలలో చూపించారు, ఏ జబ్బూ లేదన్నారు. సంఘపెద్దలు నుదుటికి నూనె రాసి ప్రార్థన చేశారు. మా అమ్మమ్మ రోజూ నా మణికట్టును తన వేళ్లతో చుట్టి చూసుకునేది. రోజురోజుకూ వేళ్లు ఎంత దూరం దాటి వస్తున్నాయో అదే ఆవిడ లెక్క. "ఇది కూడా దాని తల్లి వెనకే పోతుందేమోనే" అని ఒకరోజు పక్కింటి పిన్నితో అంటుంటే విన్నాను. ఆ మాటకు నాకు భయం కూడా వేయలేదు. ఎవరి సంగతో అనుకున్నట్టు విని ఊరుకున్నాను.

అమ్మమ్మ కూడా ఇంట్లో ఏడ్చేది కాదు. మిరప కోతలు మొదలయ్యాక పొద్దున్నే కళ్లానికి వెళ్లిపోయేది. చేలో ఒక పక్క చదును చేసి కాయలు ఎండబోసే చోటు అది. అక్కడ ఘాటుకు అందరి కళ్లూ ముక్కులూ కారుతూనే ఉంటాయి. ఎవరి కళ్లు ఎందుకు తడిగా ఉన్నాయో ఎవరూ అడగరు. అమ్మమ్మ కూలి లేని రోజున కూడా ఎందుకు వెళ్తుందో నాకు అప్పుడు తెలియలేదు.

ఆ ఏడాది ఈస్టరుకు ముందు వచ్చే శ్రమల దినాలు నడుస్తుండగా మా మామయ్య వచ్చాడు. అమ్మకు ఒక్కడే తమ్ముడు. ఉక్రెయిన్ దేశంలో పడమటి కొసన ఒక ఊళ్లో డాక్టరు చదువు చదివాడు. ఇక్కడ సీటు దొరకని మన వైపు పిల్లలు కొందరు అప్పటికే అటు వెళ్తుండేవారు. అక్క పోయినప్పుడు పరీక్షలుండి రాలేకపోయాడు. ఇప్పుడు వస్తూ వస్తూ, తాను అద్దెకున్న ఇంటి ముసలావిడను వెంటబెట్టుకొచ్చాడు. ఆమెకు నా అనేవాళ్లు లేరు. మంచి విశ్వాసురాలు. చనిపోయేలోగా మంచు పడని దేశం ఒకటి చూడాలని ఉందని అందట. ఆమె చేతి రొట్టె తిన్న తెలుగు పిల్లలందరూ కలిసి టికెట్టు కొనిపెట్టారు.

డెబ్భైకి దగ్గర పడిన మనిషి. పొట్టిగా, గట్టిగా ఉండేవారు. తలకు పూల రుమాలు గడ్డం కిందికి ముడి వేసి కట్టుకునేవారు. ఊళ్లోవాళ్లకు దొరసానమ్మ. మేం మాత్రం మామ్మగారు అని పిలిచేవాళ్లం. మొదటి రోజు పల్లె ఆడవాళ్లంతా మా అరుగు దగ్గర మూగారు.

"ఏమయ్యా డాక్టరూ, అందరూ ఫారిన్ నుంచి టీవీలు తెచ్చుకుంటారు. నువ్వేంది, ముసలమ్మని తెచ్చావు?" అంది పక్కింటి పిన్ని.

"టీవీ అయితే రెండేళ్లకి చెడిపోద్ది పిన్నీ. ఈమె చెడిపోదు" అన్నాడు మామయ్య.

ఆ మాట ఆమెకూ చెప్పాడు. ఆమె నవ్వలేదు. పిన్ని చేతిలో ఉన్న చేటను తీసుకుని, తానూ అందరితోపాటు కింద కూర్చుని బియ్యంలో రాళ్లు ఏరడం మొదలుపెట్టారు. ఆ దెబ్బతో పల్లెకు ఆమె మీద ప్రేమ పుట్టింది.

నేను తినకపోవడం ఆమె మొదటి పూటే గమనించారు. అందరిలా బతిమాలలేదు. నా పక్కనే కూర్చుని, తన పళ్లెం కూడా ముట్టకుండా, నా గొంతు వైపు చూస్తూ ఉండేవారు. మూడో రోజు మామయ్యను ఏదో అడిగారు. మామయ్య అమ్మమ్మ వైపు తిరిగి, "అక్క పోయాక ఇది ఎప్పుడు ఏడ్చిందని అడుగుతోందమ్మా" అన్నాడు. అమ్మమ్మ వీధి అరుగు మీద బైబిలు చదువుకుంటున్న తాతయ్య వైపు ఒకసారి చూసి, పళ్లేలు తీసుకుని లోపలికి వెళ్లిపోయింది.

ఆదివారం సాయంత్రం కూడికలో, దేవుడు తన బతుకులో ఏం చేశాడో సాక్ష్యం చెప్పమని తాతయ్య ఆమెను అడిగారు. మొదట వద్దన్నారు. సాక్ష్యమంటే చివర్లో విజయం ఉండాలి, నా దాంట్లో లేదు అన్నారట. విశ్వాసి బతికి ఉండటమే విజయమని తాతయ్య బలవంతపెట్టారు. ఆమె బల్ల దగ్గర నిలబడ్డారు. పక్కన మామయ్య నిలబడి ఒక్కొక్క మాటా తెలుగులో చెప్పాడు. మేం పిల్లలం ముందు చాప మీద కూర్చున్నాం.

వాళ్ల ఊరు కొండల అడుగున ఉంటుందట. ఆమె పుట్టినప్పుడు ఆ నేలను పోలండు వాళ్లు ఏలుతున్నారు. వీళ్ల భాషలో చెప్పే బడులు ఒక్కొక్కటే మూతపడ్డాయి. తర్వాత తూర్పు నుంచి సోవియట్ సైన్యం వచ్చింది. వాళ్లను తరిమి జర్మన్లు వచ్చారు. జర్మన్లు ఓడిపోయాక సోవియట్లు మళ్లీ వచ్చారు. వచ్చిన ప్రతివాళ్లూ మిమ్మల్ని విడిపించడానికే వచ్చామన్నారు. వచ్చిన ప్రతివాళ్ల చేతిలోనూ ఎవర్ని పట్టుకెళ్లాలో రాసుకున్న కాగితం ఉండేది. అందుకని ఊళ్లలో మగపిల్లలు అడవిలోకి పోయి తుపాకులు పట్టారు. ముందు జర్మన్ల మీద, తర్వాత సోవియట్ల మీద. లోకానికంతటికీ యుద్ధం అయిపోయింది. వాళ్ల కొండల్లో మాత్రం అయిపోలేదు. ఇంకా చాలా ఏళ్లు నడిచింది. వాళ్లకు సాయం రావడానికి ఏ దేశమూ లేదు. గెలవరని వాళ్లలో చాలామందికి తెలుసు.

ఆమె అన్న అలా వెళ్లినవాడే. పంతొమ్మిదేళ్లు. అడవిలోకి వెళ్లగానే ఇంటి పేరూ ఒంటి పేరూ వదిలేసి వేరే పేరు పెట్టుకున్నాడు. పట్టుబడితే ఇంటివాళ్ల మీదికి రాకుండా అలా చేసేవారట. వాళ్లు నేల లోపల గది తవ్వుకుని ఉండేవారు. పైన ఒక చెక్కపెట్టెలో మట్టి పోసి చిన్న చెట్టు నాటి, ఆ పెట్టెనే మూతగా పెట్టుకునేవారు. మనిషి మీద నడిచినా తెలియదు. సైనికులు ఇనుప చువ్వలు పట్టుకుని అడుగడుగునా నేలలోకి గుచ్చుకుంటూ తిరిగేవారు. లోపల కూర్చున్నవాళ్లకు ఆ చప్పుడు నెత్తి మీద వినపడేది. చలికాలమంతా అందులోనే, దీపానికి గాలి చాలక, తడి బట్టలతో, పేలు కుట్టించుకుంటూ ఉండేవారు. ప్రతివాడూ చివరి గుండు తనకోసం దాచుకునేవాడు.

చాప మీద నుంచి ఒక పిల్లవాడు లేచి, "మీ అన్న ఎంతమందిని చంపాడండీ?" అని అడిగాడు. మామయ్య కసిరాడు. ఏమడిగాడో చెప్పమని ఆమె పట్టుబట్టి, జవాబు చెప్పారు. అడవిలో ఉన్న మావాళ్లందరూ చేతులు శుభ్రంగా ఉన్నవాళ్లు కాదు. పక్క ఊళ్లలో పోలండు భాష మాట్లాడే రైతులుండేవారు. మావాళ్లు ఆ ఊళ్లు తగలబెట్టారు, ఆడవాళ్లనూ పిల్లల్నీ చంపారు. మా అన్న ఆ పనికి వెళ్లాడో లేదో నేను అడగలేదు. అడుగుదామంటే ఇప్పుడు లేడు. అంతే చెప్పారు. కూడికలో ఎవరూ ఆమెన్ అనలేదు.

తర్వాత చెప్పింది చెబుతున్నప్పుడు ఆమె మమ్మల్ని చూడలేదు, ఎదురుగా ఉన్న గోడను చూశారు. ఆమెకు అప్పుడు పన్నెండేళ్లు. అన్నకూ అతనితో ఉన్న ముగ్గురికీ రొట్టె తీసుకెళ్లే పని ఆమెది. మంచు పడుతున్నప్పుడే వెళ్లాలి, పడే మంచు అడుగుల్ని పూడ్చేస్తుంది, అది నియమం. ఒకసారి రెండు వారాలపాటు మంచు పడలేదు. రొట్టె పంపడానికి వీల్లేకపోయింది. మూడో వారం ఒక పొద్దున మంచు మొదలైంది. వాళ్ల అమ్మ ఇంకా చూద్దాం, కొంచెం ఆగు అంది. ఈమె ఆగలేదు. అన్న ఆకలితో ఉన్నాడని పరుగెత్తింది. సగం దారిలో ఉండగా మంచు ఆగిపోయింది. వెనక్కి రాలేక ముందుకే వెళ్లి, రొట్టె ఇచ్చి వచ్చింది. తెల్లటి నేల మీద ఆమె అడుగులు, వెళ్లినవీ వచ్చినవీ, ఇంటి నుంచి ఆ చెట్టు దాకా వరసగా ఉండిపోయాయి. మధ్యాహ్నానికి సైనికులు ఆ అడుగుల వెంబడే వెళ్లారు. బయటికి రమ్మంటే లోపలివాళ్లు రాలేదు. లోపలే బాంబు పేల్చుకున్నారు.

మర్నాడు నాలుగు శవాలనూ తెచ్చి సంత జరిగే చోట, గోడకు ఆనించి కూర్చోబెట్టారు. చుట్టుపక్కల ఊళ్లవాళ్లనందరినీ వరసలో నడిపించారు. సైనికులు శవాలను చూడటం లేదు, నడిచేవాళ్ల మొహాలను చూస్తున్నారు. ఎవరు ఏడిస్తే వాళ్ల ఇంటి మనిషన్నమాట. ఆ ఇంటిల్లిపాదినీ రైలెక్కించి సైబీరియాకు పంపేస్తారు. వాళ్ల అమ్మ ఈమె చెయ్యి పట్టుకుని కొడుకు ముందు నుంచి నడిచింది. కన్ను తడవలేదు. అడుగు తడబడలేదు. దాటి పోయాక, సంతకు వచ్చినదానిలాగే ఉప్పు కొనుక్కుని ఇంటికి వచ్చింది. అయినా ఎవరో చెప్పారు. ఇద్దర్నీ సైబీరియాకు తీసుకుపోయారు. శవాలను ఎక్కడ పాతిపెట్టారో ఈ రోజుకీ తెలియదు. సైబీరియాలో కట్టెలు కొట్టే శిబిరంలో కొందరు విశ్వాసులు కలిశారు, అక్కడ ప్రభువు నాకు దొరికాడు అని ఆమె ముగించారు.

అప్పుడు తాతయ్య లేచారు. ఆయన కదిలిపోయి ఉన్నారు, ఆ సంగతి ఆయన గొంతులో తెలిసింది. "చూశారా. కన్నకొడుకు శవం ముందు కూడా కన్నీరు రాల్చని తల్లి. ఆ నిబ్బరం మనకు కావాలి" అన్నారు. తర్వాత నా చెయ్యి పట్టి లేపి నిలబెట్టారు. "మన సంఘంలోనూ దేవుడు అలాంటి బిడ్డను లేపాడు" అన్నారు. అందరూ ఆమెన్ అన్నారు. మామయ్య ఆ మాటలు ఆమె చెవిలో చెప్పాడు. ఆమె నన్ను చూశారు. ఏదో చెప్పబోయి, బెంచీ పట్టుకుని కూర్చుండిపోయారు.

మర్నాడు మధ్యాహ్నం ఆమె కళ్లానికి వస్తానన్నారు. ఎంత వద్దన్నా వినలేదు. నన్ను కూడా రమ్మని చెయ్యి పట్టుకున్నారు. కళ్లంలో అమ్మమ్మతోపాటు ఊళ్లో ఆడవాళ్లు పది మంది దాకా ఎండిన కాయల్లోంచి తాలు ఏరుతున్నారు. తాలంటే రంగు పోయి తెల్లబడిన కాయ. ఎండకు ఘాటు పైకి లేస్తోంది.

"ఒసేయ్, దొరసానమ్మ ముక్కుకి గుడ్డ కట్టండే, ఊపిరాడక పోతది" అంది ఒకామె.

"ఉండనీవే. మంచు చూసి వచ్చిన మనిషి, మంట కూడా చూడనీ" అంది ఇంకొకామె. అందరూ నవ్వారు.

మామ్మగారు ముక్కుకు ఎవరో కట్టిన గుడ్డ విప్పేసి నా చేతిలో పెట్టారు. రాశికి అవతలి వైపు, అందరికీ వీపు పెట్టి కూర్చుని, నన్ను ఎదురుగా కూర్చోబెట్టుకున్నారు. మామయ్య అక్కడ లేడు. ఆమె భాష నాకు రాదు, నా భాష ఆమెకు రాదు. అయినా ఆమె నాతో చాలాసేపు మాట్లాడారు. నడుమ నడుమ దగ్గు. చేతులు మాత్రం కాయలు ఏరుతూనే ఉన్నాయి. నా వైపు చూపించారు, నేల వైపు చూపించారు, సమాధుల తోట ఉన్న దిక్కు చూపించారు. తర్వాత మాట ఆపి, సన్నగా రాగం అందుకున్నారు. కీర్తన అనుకున్నాను. కాదు. ఒక పేరు పిలవడం, ఏదో చెప్పడం, మళ్లీ ఆ పేరు పిలవడం. మా ఊళ్లో పై వీధి ఆడవాళ్లు శవం దగ్గర పెట్టే శోకం అది. అచ్చం అదే. భాష ఒక్కటే వేరు. ఆమె కళ్ల నుంచీ ముక్కు నుంచీ నీళ్లు కారి గడ్డం కింద రుమాలు ముడి తడిసిపోయింది.

నాకు మొదట సిగ్గేసింది, పెద్దావిడ అలా ఏడుస్తుంటే. తర్వాత నా కళ్లు మండాయి. ఘాటే అనుకున్నాను. కళ్లు తుడుచుకోబోతే మిరప చేతులతో తుడుచుకోకూడదని ఆమె నా చేతులు పట్టేసుకున్నారు. చేతులు ఆమె గుప్పిట్లో ఉన్నాయి, కళ్లు కారుతున్నాయి, ఆపడానికి నా దగ్గర ఏమీ లేదు. అమ్మా అని అరిచాను. ఒక్కసారి అరిచాక ఇక ఆగలేదు. జీపు వెనక సీట్లో అమ్మ కాలు పట్టుకుని కూర్చున్నది, ఆ కాలు చల్లబడిందని నాకు తెలిసి కూడా ఎవరికీ చెప్పనిది, అవన్నీ అరుపుల్లో బయటికి వచ్చాయి. ఆ సంగతి ఎవరికీ తెలియదు, చేతిలో అమ్మ కాలు చల్లబడిన సంగతి.

నవ్వులు ఆగిపోయాయి. అదే సమయానికి గోతాలు తీసుకుని తాతయ్యా మామయ్యా వచ్చారు. అమ్మమ్మ లేచి తాతయ్యకు అడ్డంగా నిలబడింది. నేను పుట్టాక ఆవిడ ఆయనకు అడ్డం నిలబడటం అదే మొదటిసారి చూడటం.

"ఘాటండి. కాయ ఘాటు. మీరు అటు వెళ్లండి" అంది.

"ఘాటుకు అమ్మా అని అరుస్తారా ఎవరైనా?" అని తాతయ్య ఆమెను తప్పించుకుని నా దగ్గరికి వచ్చారు. "లే తల్లీ. ఊరంతా చూస్తోంది. సాక్ష్యం పాడుచేసుకోకూడదు."

మామ్మగారు నా చేతులు వదలకుండానే లేచారు. తాతయ్య మొహంలోకి సూటిగా చూసి, తొందర లేకుండా నాలుగు మాటలు చెప్పారు. మామయ్య నేల చూపులు చూస్తూ నిలబడ్డాడు.

"ఏమంటుంది?" అన్నారు తాతయ్య.

"వద్దులే నాన్నా."

"చెప్పు. ఒకరి మాట మింగేసే హక్కు నీకు లేదు."

మామయ్య గొంతు సవరించుకున్నాడు. "మా అమ్మ ఏడవంది విశ్వాసంతో కాదు అంటోంది. తుపాకులవాళ్లు చూస్తున్నారని ఏడవలేదు, ఏడిస్తే నన్నూ పట్టుకుపోతారని ఏడవలేదు. ఆ తర్వాత ఏడుద్దామన్నా ఏడుపు రాలేదు. ముద్ద దిగలేదు. శిబిరంలో తన వంతు రొట్టె నా చేతిలో పెట్టి, రెండో చలికాలంలో చచ్చిపోయింది." మామయ్య ఆగాడు. తాతయ్య చెప్పమన్నట్టు చూశారు. "మా సంతలో సైనికులున్నారు. మీ ఇంట్లో ఎవరున్నారు అని అడుగుతోంది."

తాతయ్య తన చేతిలో గోతం మడత విప్పి నేల మీద పరిచి, దాని మీద కూర్చున్నారు. తెల్ల పంచె కట్టుకుని ఆయన కళ్లంలో కూర్చోవడం ఎవరూ ఎరగరు. మా అమ్మకు పసితనంలో పెట్టుకున్న ముద్దుపేరు ఒకటుంది. నేల వైపు చూస్తూ, ఆ పేరుతో ఒకసారి పిలిచారు. అంతే. అది విని అమ్మమ్మ మోకాళ్ల మీద కూలబడి, గుండెలు బాదుకుంటూ శోకం ఎత్తుకుంది. ఆవిడకు శోకం పెట్టడం వచ్చునని నాకు అప్పటిదాకా తెలియదు. పై వీధుల ఆడవాళ్లు కాయలు వదిలేసి వచ్చి చుట్టూ కూర్చున్నారు. వాళ్లకు ఆ పని తెలుసు. ఆవిడ ఆగినచోట వాళ్లు అందుకున్నారు. అమ్మ పోయిన నాలుగు నెలలకు, మిరప రాశి పక్కన, మా అమ్మకు ఏడుపు జరిగింది.

ఆ రోజే లేచి అన్నం తిన్నానని చెబితే అబద్ధమవుతుంది. ఆ రోజూ తినలేదు, మర్నాడూ తినలేదు. కళ్లు వాచిపోయి చీకటి గదిలో పడుకున్నాను. మూడో రోజు అమ్మమ్మ పెరుగన్నం కలిపి పెడితే నాలుగు ముద్దలు దిగాయి. ఐదో ముద్దకు మళ్లీ ఏడుపొచ్చింది. ఎవరూ వద్దనలేదు. అలా ఏడుస్తూ తింటూ, వానలు పడేనాటికి మనుషుల్లో పడ్డాను.

తాతయ్య ఆ సంగతి మళ్లీ ఎత్తలేదు. తప్పు ఒప్పుకోవడం ఆయనకు చేతకాదు. తర్వాతి ఆదివారం మాత్రం, ప్రభువు తన స్నేహితుడి సమాధి దగ్గర నిలబడి కన్నీళ్లు విడిచిన భాగం చదివారు. ఆయన ఎన్నోసార్లు ప్రసంగించిన భాగమే. ఇంకాసేపట్లో ఆ చనిపోయినవాణ్ని తానే లేపబోతున్నానని ప్రభువుకు తెలుసు. తెలిసి కూడా ఏడ్చాడు. చదివి, వివరించబోయి, పుస్తకం మూసి కూర్చున్నారు. నేను విన్నవాటిలో ఆయన మంచి ప్రసంగం అదే.

మామ్మగారు ఈస్టరు దాకా ఉన్నారు. వెళ్లే ముందు, మీ అన్న మంచివాడేనా అని మామయ్య చేత అడిగించాను. ఆ పిల్లవాడి ప్రశ్న నా మనసులో మిగిలిపోయింది. ఆమె ఆలోచించి చెప్పారు. నాకు తెలియదు, తన రొట్టెలో సగం విరిచి నాకు తిరిగి ఇచ్చేవాడు, మిగతాది దేవుడు చూసుకుంటాడు. మంచివాడని తేలాకే ఏడుద్దామని ఆగితే ఈ లోకంలో ఎవరికోసమూ ఏడవలేం అన్నారు. తర్వాత కొన్నేళ్లకు ఆమె పోయారని మామయ్యకు ఉత్తరం వచ్చింది. ఆ అన్న ఎక్కడ పడి ఉన్నాడో ఆమెకు తెలియకుండానే పోయారు. పునరుత్థాన దినాన పేరు లేని గోతులు కూడా తెరుచుకుంటాయని నేను నమ్ముతాను. అందులోంచి చంపినవాళ్లూ లేస్తారు, చచ్చినవాళ్లూ లేస్తారు. తీర్పు మన చేతిలో లేనందుకు దేవునికి స్తోత్రం.

ఈ మధ్య ఆ దేశం మీదికి మళ్లీ సైన్యం వచ్చిందని విన్నప్పటి నుంచి, పొద్దున ప్రార్థనలో ఆ కొండల అడుగున ఉన్న ఊరిని తలుచుకుంటున్నాను. దాని పేరు నాకు నోరు తిరగదు. దేవుడికి తెలుసు.

ఇప్పుడు సంఘంలో స్త్రీల కూటాలు నేనే చూస్తున్నాను. చావు ఇళ్లకు పాటలు ఎత్తడానికి నన్నే పిలుస్తారు. పురుగుమందు తాగి పోయిన రైతు కూలీల ఇళ్లకు వెళ్లాను, నెలల పసివాళ్లను పోగొట్టుకున్న ఇళ్లకు వెళ్లాను. వెళ్లి, పాటల పుస్తకం సంచిలోనే ఉంచి, ఆ ఇంటి ఆడమనిషి పక్కన కింద కూర్చుంటాను. ఒక్కోసారి ఆమె రాయిలా ఉంటుంది. చుట్టూ ఉన్నవాళ్లు, ఎంత నిబ్బరమండీ అని మెచ్చుకుంటూ ఉంటారు. నేను ఆమె రెండు చేతులూ పట్టుకుని, ఏమీ మాట్లాడకుండా కూర్చుంటాను. ఎండ ఎక్కుతుంది. శవపెట్టె మోసేవాళ్లు వచ్చి గుమ్మంలో నిలబడతారు. "అమ్మగారూ, ఆలస్యమవుతోంది, పాట ఎత్తండి" అంటారు.

"ఆగండయ్యా" అంటాను. "తల్లి ఇంకా ఏడవలేదు."